లాలాగూడ పెరట్లో అమ్మ వంకాయ

సికింద్రాబాదు వెళ్ళొచ్చానని తెలిసిన దగ్గర్నుంచి ఇరుగూ పొరుగూ ఒకటే ప్రశ్నలు. చార్మినార్ చూశావా, నవాబుగారి కోట చూశావా, గాజులు తెచ్చావా అని. ఏమీ చూడలేదు, ఏమీ తేలేదు. నేను వెళ్ళింది ఒక వంకాయ కోసం. నవ్వేవాళ్ళు నవ్వండి, నాకేం నామోషీ లేదు.

తెనాలి పక్కన మా పల్లెలో మా అమ్మ వేసే వంకాయ ఇంకెవరి పెరట్లోనూ ఉండేది కాదు. లేతాకుపచ్చ కాయ, మీద తెల్లటి చారలు, తొడిమకి చేతిలో దిగే ముళ్ళు. నూనెలో పడితే వెన్నలా మెత్తబడేది, గింజ పంటికి తగిలేది కాదు. ఏటా రెండు మూడు మంచి కాయలకి గుడ్డపీలికలు కట్టి విత్తనానికి వదిలేసేది. పీలిక ఉన్న కాయని ముట్టుకుంటే మా వీపులు చిట్లేవి. పోయిన వానాకాలంలో అమ్మ పోయింది. చూరుకి వేలాడదీసిన విత్తనపు కాయల్ని ఆ కర్మల హడావిడిలో ఎలుకలు తినేశాయి. మేం చూసుకునేసరికి తొడిమలు మిగిలాయి.

ఇక ఆ విత్తనం ఉన్నది మా అక్క రాజ్యం దగ్గరే. పెళ్ళయి వెళ్ళేటప్పుడు కొంగున ముడేసుకుని తీసుకుపోయింది. బావగారు లాలాగూడ రైల్వే కార్ఖానాలో ఫిట్టరు. వాళ్ళ క్వార్టరు వెనక పెరట్లో ఏటా అవే వంగచెట్లు వేస్తుంది. అమ్మ పోయింది పోలీసు చర్యకి కొద్దిగా ముందు. ఆ రోజుల్లో నైజాం హద్దు దాటి మనిషి రావడమే గగనం. అక్క కడచూపుకి నోచుకోలేదు. తర్వాత బళ్ళు మామూలుగా తిరుగుతున్నా రానే లేదు. ఈ వేసవిలో లాలాగూడ నుంచి మా ఊరొచ్చిన రైల్వే ఆయన ఒకరు, "మీ అక్కగారి వంగచెట్లు మాడిపోతున్నాయమ్మా, విత్తనానికని ఉంచిన కాయ ఒక్కటే మిగిలింది" అన్నాడు. ఆ కాయ పండేలోగా చెట్టు చచ్చిందంటే అమ్మ వంకాయ ఇక ఈ భూమ్మీద లేనట్టే. మర్నాడే మూట కట్టాను.

హద్దు దాటాక

బెజవాడలో మా ఆయన నన్ను ఆడవాళ్ళ పెట్టెలో ఎక్కించి, "నోరు కాస్త అదుపులో పెట్టుకో. అది నైజాం" అన్నాడు. ఇంకా నైజాం ఏమిటి, అక్కడిప్పుడు మిలిటరీ గవర్నరు కదా అన్నాను. "అదిగో, ఆ నోరే" అంటూ దిగిపోయాడు.

హద్దు దాటగానే సుంకం వాళ్ళు ఎక్కారు. కరోడ్‌గిరి అంటారట అక్కడ. ఒకాయన నా గోంగూర జాడీ చూపించి, "ఇండ్ల ఏమున్నదమ్మా?" అన్నాడు. వాసన చూస్తే తెలీదా అన్నాను. చూశాడు, గట్టిగా తుమ్మాడు, మూత వంకరగా పెట్టేసి పోయాడు. వరంగల్లు దాటేసరికి నూనె కారి నా మూటంతా ఎర్రబడింది.

నేను శాపనార్థాలు పెడుతూ తుడుస్తుంటే ఎదురుగా కూచున్న వరంగల్లు ఆవిడ చేయి అడ్డం పెట్టింది. "గంత మంచి నూనె తుడుస్తవేందమ్మా? జెర ఆగు" అని తన మూటలోంచి జొన్నరొట్టె తీసి, ఆ కారిన నూనెలో అద్దుకుని తినడం మొదలెట్టింది. నాకూ ఒకటి ఇచ్చింది. మా వైపు అన్నం తప్ప ఇంకోటి గొంతు దిగదు. మొదటి ముక్క నమల్లేక నీళ్ళు తాగాను, రెండోది బాగుంది, మూడోది నేనే అడిగి తిన్నాను. ఆవిడ కూతురు సికింద్రాబాదులో ఉందట. పోయినేడు గొడవలకి భయపడి పురిటికి పోలేకపోయిందట. "ఇప్పుడు పోతున్న. పిల్లకు నడక సుత వచ్చిందంట. ఒడిల పండవెట్టుకునే ఈడు దాటిపాయె" అని కిటికీ వైపు తిరిగింది. నాకు మా అక్కే గుర్తొస్తోంది.

లాలాగూడ

స్టేషన్లో బావగారు ఎదురొచ్చారు. ఆయనదీ మా రేపల్లె వైపే. కానీ ఇన్నేళ్ళలో నాలుక మొత్తం మారిపోయింది. "ఏం మరదలా, తోవల తక్లీఫ్ ఏం కాలేదు గదా?" అన్నారు. "మీ భాష వింటుంటేనే తక్లీఫ్" అన్నాను. జట్కా ఎక్కేదాకా నవ్వుతూనే ఉన్నారు.

అక్క గుమ్మంలో నిలబడి ఉంది. చిక్కిపోయింది. నన్ను చూడగానే పలకరించబోయి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. మూట కింద పడేసి పట్టుకున్నాను. అమ్మ పోయాక మేమిద్దరం మొదటిసారి చూసుకోవడం. ఇద్దరం గట్టిగానే ఏడ్చాం. బావగారు జట్కావాడికి డబ్బులివ్వడానికి చాలాసేపు తీసుకున్నారు పాపం.

కాళ్ళు కడుక్కోకుండానే పెరట్లోకి వెళ్ళాను. గోడకి అవతలే కార్ఖానా. బొగ్గుపొగ మసి ఆకుల మీద పొరలా పడి ఉంది. ఆకులన్నీ రవ్వ చల్లినట్టు తెల్లటి చుక్కలు, అంచులు రాగిరంగు తిరిగి ముడుచుకుపోయాయి. చిగుళ్ళకి సన్నటి బూజు. బావగారి జేబులోంచి తెల్ల రుమాలు లాగి ఒక ఆకు కింద పట్టి తట్టాను. చిటికెడు కారం రాలినట్టు రాలి, ఆ కారం నడవడం మొదలుపెట్టింది.

"ఎర్రనల్లి" అన్నాను. మా మిరపతోటలో ఎండాకాలం దీన్ని చూసినదాన్నే. కంటికి ఆనదు, ఆకు అడుగున చేరి రసం పీల్చేస్తుంది, ఎండ ముదిరి దుమ్ము లేచేకొద్దీ రెచ్చిపోతుంది. అయితే ఇంత దారుణంగా ఎన్నడూ చూడలేదు. మధ్య చెట్టుకి, సగం ఆకులు రాలిన కొమ్మకి, పసుపు రంగు పీలిక కట్టుకుని ఆ ఒక్క కాయ వేలాడుతోంది. ఇంకా పచ్చిగానే ఉంది. దాన్ని చేత్తో పట్టుకుని చూస్తే అమ్మ చెయ్యి పట్టుకున్నట్టే అనిపించింది.

"పరేషాన్ కాకు మరదలా, నా కాడ మందుంది" అని బావగారు ఒక రేకు డబ్బా తెచ్చారు. డీడీటీ. పోలీసు చర్యకి వచ్చిన పటాలంలో ఎవరో స్నేహితుడిచ్చాడట. ఇల్లంతా చల్లితే దోమా బొద్దింకా ఖతమైపోయాయట. దాంతో ఆయనకి ఆ డబ్బా మీద భక్తి కుదిరింది. కాయతొలిచే పురుగు కనిపించిన ఒక ఆదివారం చెట్ల మీదా చల్లారు. పురుగు చచ్చింది. ఇక ప్రతి ఆదివారం తలంటు పోసుకుని అక్షింతలు చల్లినట్టు చల్లుతూ వచ్చారు. ఈ నల్లి పట్టింది ఆ తర్వాతే. అది ఎక్కువయ్యేకొద్దీ ఈయన గుప్పెడు పెంచారు. ఆయనతో వాదించడం అక్కకెప్పుడూ చాతకాదు.

అప్పుడే కూరల గంపతో బీబమ్మ వచ్చింది. బోయిన్‌పల్లిలో బావి కింద తోట చేసుకునే ముసల్మాను ఇల్లాలు, అక్కకి రోజూ కూరలిచ్చే మనిషి, అంతకంటే ఎక్కువగా స్నేహితురాలు. గంప దించి చెట్ల వైపు చూసింది. "ఏందక్కా, గిట్లయినయ్? మా తోటల సుత గిదే తమాషా. రేపు వచ్చి చూసి పోరాదు" అంది. బావగారి చేతిలో డబ్బా చూసి మూతి విరిచింది. "అన్నా, నువ్వు సుత గదేనా?"

బోయిన్‌పల్లి

పొద్దున్నే అక్కా నేనూ వెళ్ళాం. మోటబావి, ఎద్దులు ఏటవాలుగా కిందికి నడుస్తుంటే తోలుబొక్కెన కిర్రుమంటూ పైకి రావడం, కాలవలో నీళ్ళు పారడం. మా డెల్టాలో కాలవ గండి తీస్తే నీళ్ళొచ్చిపడతాయి. ఇక్కడ ప్రతి బొట్టూ ఎద్దు మెడ మీదుగా రావాల్సిందే. వీళ్ళు నీళ్ళ గురించి మాట్లాడేటప్పుడు గొంతు తగ్గించి మాట్లాడతారెందుకో అప్పుడర్థమైంది.

బీబమ్మ మమ్మల్ని వంగ మడి ఇటు చివర నిలబెట్టింది. అంతా ఎర్రగా మాడిపోయి ఉంది. "గీడిదాక గా పొడి చల్లినం. మా మామ యాడికెల్లో తెచ్చిండు. ఆడ కంచె కాడికి వచ్చేటాలకు డబ్బ ఒడిసింది." కంచె దగ్గరికి నడిచాం. అక్కడ చెట్లు పచ్చగా ఉన్నాయి. నల్లి లేదని కాదు, ఉంది. కానీ ఆకు తిప్పి చూస్తే ఆవగింజ కంటే చిన్న నల్ల పెంకుపురుగులు దాని మధ్య తిరుగుతూ ఒక్కొక్కదాన్నే తినేస్తున్నాయి. నేనూ అక్కా ముఖాలు ముఖాలు చూసుకున్నాం. బావగారి పెరట్లో ఇవి ఒక్కటి కూడా లేవు. ఆయన ఆదివారాల పూజలో ముందు పోయింది ఇవే. తినేవాడు లేకపోతే నల్లికి పండగే కదా.

కంచె అవతల ఇంకో తోట ఉంది. బీడుపడిపోయింది. బెండ మొక్కలు నిలువునా ఎండి బూజు కట్టి ఉన్నాయి. "గది జైబున్నక్కది" అంది బీబమ్మ. "పోలీస్ యాక్షన్ అయినంక ఇంటిల్లిపాది కరాచీ పోయిన్రు. నీళ్ళు పెట్టేటోళ్ళు లేరు. చెట్టు ఎండంగనే నల్లి దారాలు వట్టుకోని గాలికి ఇటే వస్తది. ఎన్నోసార్లు అనుకున్న, పీకి కాలబెడదామని. చెయ్యి రాలేదు. పొద్దుగూకితే గా గట్టు మీదనే కూసుండేటోళ్ళం ఇద్దరం."

అక్క ఆమె భుజం మీద చెయ్యి వేసింది. కాసేపటికి ముగ్గురం కంచె దాటి ఆ ఎండు మొక్కలన్నీ పీకి కుప్పేసి నిప్పు పెట్టాం. బీబమ్మ పొగకి కళ్ళు తుడుచుకుంటున్నానంది. ఎవరు నమ్ముతారు?

మధ్యాహ్నం వాళ్ళింట్లోనే భోజనం. బగారా బైంగన్ వండింది. పల్లీలూ నువ్వులూ కొబ్బరీ వేయించి నూరి, చింతపండు పులుసులో గుత్తి వంకాయలు ఉడికించింది. మా గుత్తి వంకాయలో కారమే రాజు, ఇందులో పులుపూ తీపీ పోటీ పడతాయి. రుచి అద్భుతం. అయినా కాయ కొరికినప్పుడు గింజ పంటికి తగిలింది. అక్కా నేనూ ఒకేసారి తలెత్తి ఒకర్నొకరు చూసుకున్నాం.

జనరల్ బజారు

నల్లిని చంపే గంధకం కోసం బజారుకి వెళ్ళాం. సికింద్రాబాదులో మన రూపాయీ చెల్లుతుంది, వాళ్ళ హాలీ రూపాయీ చెల్లుతుంది. మన ఆరు, వాళ్ళ ఏడు సమానం. చిల్లర దగ్గర నేను తికమకపడుతుంటే అక్క లెక్క చెప్పకుండానే నా చేతిలోంచి డబ్బులేరి ఇచ్చేసింది. పుట్టింట్లో దుకాణానికి పంపితే సగం దారిలో ఏం తెమ్మన్నారో మర్చిపోయి తిరిగొచ్చే మనిషి ఇది!

దుకాణదారు ముసలాయన పొట్లం కడుతూ, "ఎవరికమ్మా గజ్జి?" అన్నాడు. వంకాయకి అన్నాను. ఆయన కళ్ళజోడు సర్దుకుని మా ఇద్దర్నీ పరిశీలనగా చూశాడు. బీబమ్మ మాత్రం ముందే హెచ్చరించింది. మండే ఎండలో గంధకం చల్లితే ఆకు కాలిపోతుంది, వేపనూనె వాడితే చాలా రోజులదాకా గంధకం జోలికి పోకూడదు అని. తను చేసి కాల్చుకున్న మొక్కలు చూపించింది కూడా. అందుకని మబ్బు పట్టేదాకా పొట్లం అటక మీద పెట్టాలని అనుకున్నాం.

మళ్ళీ పెరడు

ఆ సాయంత్రం బావగారికి విషయం చెప్పాను. మెల్లగా చెబుదామనే అనుకున్నాను. "మీ డబ్బా వల్లే మా అమ్మ వంకాయ చస్తోంది" అని నోట్లోంచి వచ్చేసింది. ఆయన ముఖం నల్లబడింది. "దేశమంతా మెచ్చిన మందు. మీ అక్కచెల్లెండ్లకు నచ్చలే" అని కంచం ముందు నుంచి లేచిపోయారు. అక్క నన్ను తిట్టింది. నేను దాన్ని తిట్టాను. ఆ పూట ఎవరమూ సరిగా తినలేదు.

మర్నాడు ఆయన కార్ఖానా నుంచి వస్తూ ఒక వస్తువు తెచ్చి అరుగు మీద పెట్టారు. హోలీకి రంగులు కొట్టుకునే ఇత్తడి పిచికారీ. దాని మూతికి సన్నటి గొట్టం అతికి, కొస పైకి వంచి, చివర చిల్లులు పెట్టారు. "నల్లి ఆకు కిందనే గదా ఉండేది. నీళ్ళు కిందికెల్లి మీదికి కొట్టాలె. షురూ చెయ్యండి" అని నా ముఖం చూడకుండా లోపలికి పోయారు. డీడీటీ డబ్బా అక్కడ మళ్ళీ కనపడలేదు. మా బావగారు అంత గొప్పవారు, కాకపోతే ఆ ముక్క ఆయనకి చెప్పకండి.

ఇక రోజూ అదే పని. కుళాయి తెల్లవారుజామునే వచ్చి కాసేపట్లో ఆగిపోతుంది. ముందు బాగా మాడిన ఆకులు తుంపి పొయ్యిలో వేశాం, గోడవతల పారేస్తే మళ్ళీ నడిచొస్తాయి కనుక. తర్వాత ప్రతి ఆకు అడుగునా పిచికారీతో కొట్టడం. బూజు తెగిపోయి, మసితో పాటు ఎర్రటి నీళ్ళు కారేవి. రెండ్రోజులకోసారి కుంకుడు రసం పలచన చేసి కొట్టేవాళ్ళం, గుడ్లు పొదిగి కొత్తవి పుట్టుకొస్తూనే ఉంటాయి కదా, ఒక్కసారితో వదిలే పీడ కాదది. చెట్ల చుట్టూ దుమ్ము లేవకుండా గడ్డి పరిచి తడిపాం. మామిడి జల్లు పడి మబ్బు కమ్మిన ఒక పొద్దున పలచటి గుడ్డలో గంధకం మూటకట్టి పైపైన దులిపాం. బావగారు ముక్కు మూసుకుని, "పెండ్లిల బాంబులు కాల్చినట్టుంది" అన్నారు.

అలా పని చేస్తూనే మాట్లాడుకునేవాళ్ళం. పెరట్లో అమ్మ కూర్చునే చోటు, అమ్మ తిట్లు, ఆ తిట్లలో అక్కకి వచ్చినవెన్ని నాకు వచ్చినవెన్ని. ఇంత మాట్లాడినా ఊరికి రమ్మంటే మాత్రం అక్క పిచికారీలో నీళ్ళు నింపుకోవడానికి వెళ్ళిపోయేది. ఒకరోజు బిందెకి అడ్డంగా నిలబడి అడిగాను. "ఏమని రానే?" అంది. "అందరూ ఏడ్చేశారు. తుడిచేసుకున్నారు. ఇప్పుడు నేనొచ్చి ఒక్కదాన్నే మళ్ళీ మొదలుపెట్టాలి. అమ్మ లేని వాకిట్లో నన్ను ఎవరు పిలుస్తారు లోపలికి?" నేను పిలుస్తానే అన్నాను. వినిపించుకోలేదు.

కొత్త చిగురు మచ్చ లేకుండా వచ్చినప్పుడు మేం చేసిన గోలకి పక్క క్వార్టరు వాళ్ళు పిట్టగోడ మీదుగా తొంగిచూశారు. ఆ తర్వాత ఒక పొద్దున అక్క ఆకు తిప్పి, "కనకా, ఇటు రా, ఇటు రా" అని కేకేసింది. ఆవగింజంత నల్లపురుగు. ఎక్కడ్నుంచి వచ్చిందో, ఒకటి కాదు మూడు. అక్క వాటిని అతిథుల్లా చూసి ఆ ఆకుని అలాగే వదిలేసింది.

కాయ నెమ్మదిగా పసుపు తిరిగింది. నేను వెనక్కి వెళ్ళాల్సిన రోజు రెండుసార్లు వాయిదా వేశాను. మా ఆయనకి నా మీద ఎంత బెంగో తెలీదు గానీ వంట మీద మాత్రం చాలా బెంగ ఉండి ఉంటుంది. చివరికి కాయ బాగా పండి మెత్తబడ్డాక అక్క పీలిక విప్పి కోసింది. గుజ్జు నీళ్ళలో పిసికాం. తాలు గింజలు పైకి తేలతాయి, గట్టివి అడుక్కి దిగుతాయి. ఆకులు రాలిన చెట్టు కదా, ఎన్ని తేలతాయోనని నేను గిన్నె మీదకి వంగి చూశాను. కొన్ని తేలాయి. మిగతావన్నీ గిన్నె అడుగున కూర్చున్నాయి. అక్క గిన్నెలో చెయ్యి పెట్టి అలాగే ఉంచేసుకుంది చాలాసేపు.

నీడన ఆరబెట్టి, బూడిద కలిపి, నేనే రెండు పొట్లాలు కట్టాను. ఒకటి నాది, ఒకటి అక్క ఉట్టి మీద.

సికింద్రాబాదు స్టేషను

బండి దగ్గరికి అందరూ వచ్చారు. బీబమ్మ నాకోసం జొన్నరొట్టెలు తెచ్చింది, ఎవరో నా సంగతి చెప్పినట్టున్నారు. బావగారు కూజాలో నీళ్ళు పట్టిచ్చి, "మరదలా, నీ నోరు లేకపోతే ఇల్లు బోసిపోతది" అన్నారు. అక్క కిటికీ పక్కన నిలబడి ఊచలు పట్టుకుంది. జాగ్రత్త అంది, చేరాక రాయి అంది. గార్డు ఈల వేశాడు. అప్పుడు అది రవికలోంచి ఒక పొట్లం తీసి ఊచల్లోంచి నా ఒళ్ళో పడేసింది. ఉట్టి మీద ఉండాల్సిన పొట్లం.

"ఇదేమిటే? నీకుండద్దూ?" అన్నాను.

"వద్దు. ఒక్క గింజ కూడా ఉంచుకోలేదు. ఆ ముదురు చెట్లు ఇక కాయవు" అంది. "ఇక్కడుంటే ఇక్కడే వేసుకుని, ఇక్కడే వండుకుని తిని, ఇక్కడే ఉండిపోతాను. ఆ గడప తొక్కడానికి నాకు కాళ్ళు రావడం లేదే కనకా. ఇప్పుడు అమ్మ వంకాయ కావాలంటే నేనే రావాలి. ఇంక ఇలాగైనా వస్తానేమో చూడు."

బండి కదిలింది. అక్క ఊచలు వదల్లేదు, పక్కనే నడుస్తోంది. నాకు ఏడుపూ కోపమూ ఒకేసారి ముంచుకొచ్చాయి. పెట్టెలో ఆడవాళ్ళందరూ చూస్తున్నా లెక్కచెయ్యకుండా కిటికీలోంచి అరిచాను.

"పోస్టులో పంపమని రాశావో, చచ్చినా ఒక్క గింజ పంపను! వింటున్నావా? నువ్వే రావాలి!"